పెద్దబండి ముందుచేతులు



ఎడ్లబండి యిరుసు కిఱ్ఱుమన్నచో దానికిఁ గందెన కావలయునని చిన్నతనమునుండియు మన మెఱుఁగుదుము. చక్రము ప్రక్కకు వాలి యాడుచున్నచోఁ గడచీల యరిగినదో, నడిమి రంధ్రము పెద్దదైనదో దిగి చూచుకొనెడువారము. ఆ విద్యను బడిలో నెవ్వరును జెప్పలేదు; బండితోఁ గూడఁ బెరిగితిమి గనుక నబ్బినది. నేఁడు ఆ బండి నిలిచిన వేపచెట్టు క్రిందనే యెత్తైన మోటారుబండి నిలుచుచున్నది. పంటసొమ్ములో నొక భాగము దాని పాలగుచున్నది. మన కోడండ్రును మనుమలును ఆసుపత్రికైనను, పెండ్లికైనను, సింహాద్రి యప్పన్న దర్శనమునకైనను దానిలోనే పోవుచున్నారు. అయినను అది లొటలొటమన్నప్పుడు మనము చేతులు గట్టుకొని, ‘షెడ్డువాఁడు చూచుకొనునులే’ యని యూరకుందుము. అట్లూరకుండిన పెద్దలలో నేనొకఁడను.

నేను గోపాలపట్నమున నుండువాఁడను, బడిపంతులను, వ్యాకరణమును, గొంచెము తర్కమును జదివికొన్నవాఁడను. యంత్రశాస్త్రము నా చదువు గాదు. ఈ ప్రసంగములోని సంగతులు నాకు డబ్బు పోయిన తరువాతను, భయపడిన తరువాతను దెలిసినవి.

మా పెద్దకుమారుని బండి పెందుర్తి, కొత్తవలస, శృంగవరపుకోటల మీఁదుగా అరకుకుఁ దఱచుగాఁ బోవుచుండును. రెండేండ్ల క్రిందట వానకాలము గడచిన పిదప దాని ముందువైపున నొక చప్పుడు పుట్టినది. చదునైన దారిలో నేమియు లేదు; గోతిలోఁ జక్రము దిగినప్పుడు ‘ఠక్కు’మనును. ఒక షెడ్డునకుఁ గొనిపోఁగా నచటివారు బండిని జాకీమీఁద నెత్తకయే, వీధిలో నొకమాఱు త్రిప్పి చప్పుడు విని, షాకబ్జర్లు పోయినవనిరి. రెండును మార్చిరి. చప్పుడు పోలేదు. మరలఁ బోఁగా లింకురాడ్లనిరి, అవియు మార్చిరి. నాలుగు దినములు తగ్గినట్లుండి మరల మొదలైనది. తుదకు మేమే యా చప్పుడునకు అలవాటుపడితిమి. మేము చేసిన పెద్దతప్పు అది. కార్తికమాసమున అనంతగిరి ఘాటు దిగుచుండఁగా, మలుపువద్ద బ్రేకు నొక్కినంతనే బండి తనంత తానే యెడమకు లాగినది. కుమారుఁడు స్టీరింగును బలముగాఁ బట్టి నిలిపెను. వెనుకఁ గోడలును, నిద్రపోవుచున్న యిద్దఱు పిల్లలును గలరు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

మఱునాఁడు మా గోపాలపట్నముననే చిన్న రేకులషెడ్డు పెట్టుకొన్న ముసలిమేస్త్రికడకు బండిని గొనిపోయితిమి. అతఁడు చప్పుడు విననే లేదు. బండి నెత్తి, ముందుచక్రము లోపలివైపున గునపము దూర్చి మెల్లఁగా మీటెను. ఇనుపచేయి తన మొదట నరయంగుళమంత కదలెను. నన్ను వంగి చూడుమనెను, చూచితిని. రబ్బరు చుట్టును జినిఁగి యినుమునుండి విడిపోయి యున్నది. “మేస్టారూ, సెవితో వైద్యం సేయించీసేరు గానీ, కంటితో సూపించనేదు” అని యతఁడు నవ్వెను.

నాకు సిగ్గు కలిగినది. అనుమానప్రకరణము జెప్పునపుడు, హేతువు సాధ్యమును విడిచి మఱియొకచోటఁ గూడఁ గనఁబడినచో నది సవ్యభిచారమను హేత్వాభాసమనియు, దానివలన నిశ్చయము కలుగదనియు నెన్నిమాఱులు పిల్లలకుఁ జెప్పియుంటినో! పొగవలన నిప్పు సిద్ధించును గాని, నిప్పువలనఁ బొగ సిద్ధింపదు. కాఁగిన యినుపగుండునందు నిప్పు గలదు, పొగ లేదు. బండి ముందువైపు చప్పుడును నట్టిదే. షాకబ్జరు చెడినను నది వచ్చును, లింకురాడ్డు సడలినను వచ్చును, స్టీరింగుకడ్డీ కొన యరిగినను వచ్చును, చేయి చెడినను వచ్చును. అట్టి చప్పుడును మాత్రము పట్టుకొని యొక్కదాని పేరు చెప్పి మార్పించుట జూదమాడుటయే.

చేయి యనఁగా నేమో ముందుగాఁ జెప్పవలయును. ఎడ్లబండికిఁ జక్రములు రెండింటికి నొక్కటే యిరుసు. ఒక చక్రము గోతిలో దిగిన బండి యంతయు వాలును. 1945లో నేర్పడిన మహీంద్రావారి సంస్థ స్వాతంత్ర్యము వచ్చిన తరువాతి కాలమున మన దేశమునఁ గూర్చిన విల్లీసు జీపులును నట్టివే. ముందువైపునను గట్టి యిరుసు, దానితోఁ గమానుకట్టలు. బలమునకు లోటు లేదు, మన నడుములకు మాత్రము సుఖము లేదు. తరువాతి పెద్దబండ్లలో, 1998లో వచ్చిన టాటా సఫారీ, 2002లో వచ్చిన మహీంద్రా స్కార్పియో మొదలగువానిలో, ముందుచక్రములను విడఁదీసి దేనికి దానినే యమర్చిరి. ఒకటి గోతిలో దిగినను రెండవది తన దారిని దాను బోవును. అట్లు విడిగా నున్న చక్రమును బండి చట్రమునకుఁ గూర్చి పట్టుకొను నినుపకొమ్మయే ఆర్ము. మన మాటలోఁ జేయి. ఈ బండ్లలో నొక్కొక్క ముందుచక్రమునకుఁ బైచేయి యొకటి, క్రిందిచేయి యొకటి. ఆకారమున నవి పంగలకఱ్ఱను బోలియుండును. పంగ రెండు కొనలును జట్రమునకుఁ దగులుకొనును. మొన చక్రమును మోయు నుక్కుదిమ్మెకుఁ దగులుకొనును. క్రెటా, బ్రెజ్జా వంటి తేలికబండ్లలోఁ బైచేయి యుండదు. నిలువునఁ బెట్టిన షాకబ్జరే దాని పనిని జేయును. ఈ కూర్పును మక్‌ఫర్సన్ అను నమెరికా యింజనీరు 1940 తరువాతి సంవత్సరములలోఁ గల్పించెను.

బరువును మోయునది స్ప్రింగు. ఎగిరిపాటును నణఁచునది షాకబ్జరు. చేతి పని వేఱు. చక్రము పైకిని గ్రిందికిని కదలవచ్చును. ముందువెనుకలకుఁ గాని, లోపలవెలుపలలకుఁ గాని కదలరాదు. ఈ కట్టడిని నిలుపుట చేతి పని. బ్రేకు నొక్కినప్పుడు నేల చక్రమును వెనుకకు లాగును, బండి ముందునకుఁ బోఁజూచును. నడుమ నలిగిపోవునది చేయి. అది వదులైనచో నాప్రక్క చక్రము కొంచెము వెనుకకు జరుగును, దాని ముఖము తిరుగును. మా బండి ఘాటులో నెడమకు లాగుటకుఁ గారణ మదియే.

ఇనుపచేయి సాధారణముగా నరుగదు. పెద్దగోతిలోఁ బడి వంగినఁ దప్ప, తుప్పు తినినఁ దప్ప దానికి రోగము లేదు. ఉక్కునగరమున నివసించుచుండియు, ఉక్కుకంటె ముందు దాని నడుమనున్న రబ్బరు చచ్చునని నాకెన్నఁడును దోఁచలేదు. రోగము సంధులలోనే యుండును. మన శరీరమునందును నంతే గదా!

సంధులు రెండు విధములు. చట్రమువైపున నుండునది బుష్షు. రెండినుపగొట్టముల నడుమ నతికించిన రబ్బరే బుష్షు. లోపలి గొట్టము బోల్టుచే బిగింపఁబడి కదలకుండును. చేయి పైకిఁ గ్రిందికి నాడునప్పుడు రబ్బరు మెలిపడి మరల విప్పుకొనును. ఇరుసునందువలె రాపిడి లేదు గనుక దీనికిఁ గందెన యక్కఱలేదు. అంతేకాదు, నూనె తగిలినచో రబ్బరు ఉబ్బి మెత్తపడి చెడును. చప్పుడు మాన్పుటకై బుష్షుమీఁద వాడిన యింజనునూనెను బోయు డ్రైవర్లను నేను జూచితిని. రెండు దినములు చప్పుడడఁగును, రోగము పెరుగును.

చక్రమువైపున నుండునది బాలుజాయింటు, అనఁగా గిన్నెలో నుక్కుగుండు. మన భుజసంధివలె నది యన్ని దిక్కులకుఁ దిరుగును. సంధులయందు శ్లేషకకఫ ముండి వానిని గాపాడునని యాయుర్వేదము చెప్పునట్లు దీనిలో గ్రీజుండును, పైన రబ్బరుతొడుగు. తొడుగు చినిఁగినచో నీరును, నిసుకయు లోపలఁ జొచ్చును. గ్రీజుతోఁ గలిసి యా యిసుక సానఱాతి పని చేయును. మా విశాఖపట్నపు గాలిలో నుప్పు గలదు గనుక సముద్రపుటొడ్డునఁ దిరుగు బండ్లకుఁ దుప్పు బాధ యదనము.

బుష్షు చెడినచోఁ జప్పుడు, లాగుడు, టైరు నష్టము. బాలుజాయింటు మిక్కిలి యరిగినచో సంగతి వేఱు. గుండు గిన్నెనుండి యూడివచ్చినచోఁ జక్రము పట్టు తప్పి వాలిపోవును, బండి ముక్కు నేలఁ గొట్టును, స్టీరింగు త్రిప్పినను ఫలము లేదు. గుండు గిన్నెలో నాడుచున్నదని తెలిసిన బండిని నడిపి షెడ్డునకుఁ గొనిపోవుటకంటె మేస్త్రినే యింటికిఁ బిలుచుట మేలు. బాడుగ కొంచె మెక్కువ కావచ్చును, కానిండు.

వైద్యులు నిదానము, పూర్వరూపము, రూపము, ఉపశయము, సంప్రాప్తి యని యైదింటిచే రోగము నెఱుఁగుదురు. ఇచట నిదానము గోతులు, మితిమీఱిన బరువు, రబ్బరు వయస్సు. పూర్వరూపమును మీ రరుగుమీఁదఁ గూర్చుండియే చూడవచ్చును. ముందుటైరు ఒక యంచున మాత్రము తక్కిన భాగముకంటె ముందుగా నరుగుచున్నదా? తిన్నని దారిలో డ్రైవరు మాటిమాటికి స్టీరింగును సవరించుచున్నాఁడా? ఇవి చెవికిఁ దెలియకముందే కంటికిఁ దెలియును. రూపము మీ రెఱిఁగినదే: గోతిలో ఠక్కుమనుట, బ్రేకు వేసినప్పుడు దెబ్బ వినఁబడుట, ఒక ప్రక్కకు లాగుట. ఉపశయ మనఁగా మందిచ్చి, దాని ఫలమునుబట్టి రోగమును నిర్ణయించుట. మా బండికి మొదటి షెడ్డువారు చేసినది ఉపశయపరీక్షయే. మందు ఖరీదు మాత్రము నాది. వైద్యశాస్త్రమునఁ గూడ నది లక్షణములు మఱుఁగుపడిన రోగములకుఁ జెప్పఁబడినది. జాకీ యెత్తి చూచినఁ గనఁబడు రోగమునకు దానితోఁ బనిలేదు.

పరీక్ష యిట్లు చేయుదురు. బండిని సమమైన గట్టినేలమీఁద నిలిపి, చేతిబ్రేకు వేసి, వెనుకచక్రములకు ముందువెనుకల ఱాళ్లు పెట్టవలయును. జాకీ యెత్తుటకే గాని నిలుపుటకుఁ గాదు. ఎత్తిన పిదపఁ జట్రము క్రింద నినుపస్టాండు పెట్టవలయును. ఇటుకలు పేర్చి దానిమీఁద బండిని నిలిపి క్రిందికి దూఱువారిని జూచినచో నాకు గుండె దడదడలాడును. ఇటుక ముందుగాఁ జెప్పి పగులదు.

జాకీ నెచటఁ బెట్టవలయునన్నది బండి కూర్పునుబట్టి మాఱును. స్ప్రింగు క్రిందిచేతిమీఁద నానియున్న బండ్లలో నా యొత్తిడిచే బాలుజాయింటు బిగిసియుండి తన లోపమును దాఁచును. అట్టిచో జాకీని క్రిందిచేతి క్రిందనే, చక్రమునకు దగ్గఱగాఁ బెట్టి యెత్తినచో జాయింటుపై బరువు తగ్గి దాని యాట బయటపడును. పైచేయి లేని తేలికబండ్లలోఁ జట్రము నెత్తి చక్రమును వ్రేలాడనీయవలయును. ఈ భేదము నెఱుఁగని మేస్త్రి చెడిన జాయింటును జూచి బాగున్నదనును.

ఎత్తిన పిదపఁ జక్రమును బైన నొక చేతను, గ్రింద నొక చేతను బట్టి లోపలికిని వెలుపలికిని నూఁపవలయును. ఆట కనఁబడినచో నది జాయింటుదా, చక్రపు బేరింగుదా? మఱియొకనిని లోపలఁ గూర్చుండఁబెట్టి బ్రేకు నొక్కి పట్టుమనుఁడు. ఆట మాయమైనచో లోపము బేరింగునందు. మాయము కాకున్నచో జాయింటునందు. చక్రమును రెండు ప్రక్కలఁ బట్టి యూఁపినప్పు డాడినచో స్టీరింగుకడ్డీలను జూడవలయును. తరువాత టైరు క్రింద గునపము పెట్టి పైకెత్తుచు, రెండవవాఁడు జాయింటును గనిపెట్టి చూడవలయును; గుండు గిన్నెలో నెగిరినచో దెలియును. బుష్షులకై గునపమును జేతికిని జట్రమునకును నడుమ దూర్చి మెల్లఁగా మీటవలయును. క్రొత్త రబ్బరును గొంచెము కదలును. అది దాని స్వభావము. పైపైనఁ గనఁబడు సన్నని బీటలు ముసలితనపు ముడుతలవంటివి, వానికి వెఱవనక్కఱలేదు. రబ్బరు ఇనుమునుండి విడిపోవుట, లోఁతుగాఁ జినుఁగుట, లోపలిగొట్టము నడుమనుండి ప్రక్కకు జరిగియుండుట, ఇవి రోగములు. కొన్ని బండ్ల బుష్షులలో ద్రవ ముండును. అది కాఱి చుట్టును దడి కట్టినను బుష్షు పోయినట్లే. మేస్త్రి యీ పరీక్ష చేయుచుండఁగా మీరు ప్రక్కన నుండి ‘నాకుఁ జూపుము’ అనుఁడు. చూపిన పిదపనే మార్పనిండు.

ఇంక మార్చుట. ఇది మనవంటి పెద్దలు స్వయముగాఁ జేయు పని కాదు; చేయించునప్పుడు చూడవలసినవి మాత్రము కొన్ని గలవు. మొదటిది ప్రాణములకు సంబంధించినది. స్ప్రింగు విడిగాఁ గ్రిందిచేతిమీఁదఁ గూర్చున్న బండ్లలో నా స్ప్రింగు మిక్కిలి యొత్తుకొని యుండును. దానిని దగిన పనిముట్టుతో బంధింపక జాయింటు విప్పినచో స్ప్రింగు తుపాకిగుండువలె నెగురును. పాత సఫారీ వంటి బండ్లలో స్ప్రింగునకు బదులు మెలిపెట్టిన ఉక్కుకడ్డీ యుండును. దాని స్థానమును గుఱుతు పెట్టుకొని ముందుగా సడలింపవలయును. పని నేర్చుకొనుచున్న కుఱ్ఱవానికి దీని నొంటిగా నప్పగింపరాదు.

చట్రమువైపు బోల్టులను గదలించుటకు ముందు వాని తలలను జూడవలయును. కొన్ని బండ్లలో నా బోల్టులను ద్రిప్పియే చక్రపు వాలును దిద్దుదురు. అట్టివానికి రంగుతో గుఱుతు పెట్టినచో మరల నాచోటనే నిలుపవచ్చును. బాలుజాయింటు కొన ఉక్కుదిమ్మెలో బిగిసి కూర్చుండియుండును. నట్టును గొన్ని మఱలు మిగుల్చి సడలించి, దానికైన లాగుడుపనిముట్టుతోఁ గాని, దిమ్మె ప్రక్కను సుత్తితోఁ గొట్టి గాని విడిపింపవలయును. కొననే కొట్టినచో మఱలు చెడును. విడివడిన దిమ్మెను బ్రేకుగొట్టముమీఁద వ్రేలాడనీయక తీఁగెతోఁ గట్టవలయును.

క్రొత్తచేతిని బెట్టి బోల్టులను జేతితో నెక్కింతురు. ఇచట నొక చిన్న సంగతి గలదు. మేస్త్రులలోఁ బలువు రుపేక్షించునది యిదియే. బుష్షులోని రబ్బరు రెండు గొట్టములకు నతికియున్నదని చెప్పితిని గదా. బండి యెత్తియుండఁగాఁ జేయి క్రిందికి వ్రేలాడును. ఆ స్థితిలోఁ జట్రపు బోల్టులను బూర్తిగా బిగించినచో లోపలిగొట్టము అట్లే కట్టువడును. తరువాత బండిని నేలకు దింపఁగాఁ జేయి పైకి లేచును, రబ్బరు మెలిపడును. బండి నడచుచున్నను, రాత్రి పెరటిలో నిలిచియున్నను ఆ రబ్బరు మెలిపడియే యుండును. మెడను ఒక ప్రక్కకుఁ ద్రిప్పి బిగఁగట్టి పండుకొనుమన్నచో మన కెట్లుండునో యూహింపుఁడు. అట్టి బుష్షు కొలఁది కాలములోనే చినుఁగును. యజమానుఁడు సరకు మంచిది కాదని దుకాణదారుని దిట్టును. కావున నా బోల్టులను ముందు వదులుగా నెక్కించి, చక్రము పెట్టి, బండిని దన బరువుతో నేలమీఁద నిలిపి, ముందుభాగమును రెండు మూఁడు మాఱు లదిమి వదలి, అప్పుడు తుదిబిగింపు బిగింపవలయును. మా మేస్త్రి బోల్టులను వదులుగా విడిచి బండిని దింపుచుండఁగా, ‘ఇంకను బిగింపలేదేమి?’ యని యడిగితిని. “దిగినాక బిగించాలి మేస్టారూ. ఇప్పుడు బిగించీస్తే ఆర్నెల్లకి మళ్లీ నా కాడికే వస్తారు” అనెను.

బాలుజాయింటు నట్టునకు నీ నియమము లేదు. దానిని ముందే బిగింపవచ్చును. చీల పెట్టు రంధ్రము కుదురకున్నచో నట్టును ఇంకను బిగించి కుదుర్పవలయును గాని వెనుకకు సడలింపరాదు. ఆ చీలయుఁ గ్రొత్తది కావలయును. ఎంత బలముతో బిగింపవలయునో బండి చేసినవారు తమ పుస్తకమునఁ జెప్పుదురు. దానికిఁ గొలతచూపు పానా వేఱుగాఁ గలదు.

బుష్షు మాత్రమే మార్చుదమా, చేయి మొత్తము మార్చుదమా యని యడుగుదురు. చేయి వంగక, తుప్పు తినక, జాయింటు బాగుగా నున్నచో బుష్షును యంత్రముతో నొత్తించి మార్పవచ్చును, ఖర్చు తక్కువ. సుత్తితోఁ గొట్టి యెక్కించిన బుష్షును నేను నమ్మను. జాయింటు చేతితో నొక్కటిగాఁ జేసి యమ్ము బండ్లలో జాయింటు పోయినచోఁ జేయి మొత్తము మార్చుటయే తఱచు. రెండవ ప్రక్కను గూడఁ బరీక్షింపవలయును, బాగున్నచో నుండనిండు. కాని రెండును నొకే దారిని నడచినవి, ఒకే వయస్సువి. సరకును బిల్లుతోఁ గొనుఁడు. పాతదానిని దప్పక యడిగి తెచ్చుకొనుఁడు.

తరువాతఁ జక్రముల యలైన్‌మెంటు చేయింపవలయును. చేయి మాఱినప్పుడు చక్రపు వాలును, ముఖమును గొంచెమైనను మాఱును. దిద్దకున్నచోఁ గ్రొత్తటైర్లు కొలఁది నెలలలో నరిగిపోవును. చేయి చెడియుండఁగా ముందే చేయించిన యలైన్‌మెంటునకు విలువ లేదు. కొన్ని వందల కిలోమీటర్లు నడచిన పిదప బోల్టులను మరల నొకమాఱు చూపింపవలయును.

మా బండికిఁ గ్రిందిచేతులు రెండును మార్చితిమి. చప్పుడు పోయినది, షాకబ్జర్లకుఁ బోసిన సొమ్ము తిరిగి రాలేదు. పాతచేయి యొకటి మా యరుగుమీఁద నున్నది. ఆషాఢమాసమున గిరిప్రదక్షిణము చేయుచు, 32 కిలోమీటర్ల దారిలో మా గోపాలపట్నము చేరి, మోకాళ్లు పట్టుకొని యరుగుమీఁదఁ గూలఁబడిన బంధువొకరు దాని నెత్తి ‘ఇది యేమి?’ యని యడిగిరి. బుష్షులో వ్రేలు పెట్టి చూడుఁడంటిని. ఆయన వ్రేలు రబ్బరునకును ఇనుమునకును నడుమ మొదటి కణుపువఱకు దిగినది.